జాగు మబ్బు కింద మోట

మొన్న ఊళ్ళో ఒక పెళ్ళికి వెళ్తే బంతిలో నా పక్కన ఒక పెద్దాయన కూర్చున్నాడు. తొంభైకి దగ్గరపడ్డ మనిషి. నన్ను గుర్తుపట్టి, మా అమ్మను తలుచుకొని, పప్పులో నెయ్యి కలుపుకుంటూ అన్నాడు. "మీ అమ్మ శానా మంచిది బిడ్డా. గా మోట కాడ లొల్లి యాదికున్నదా నీకు? పాపం, మీ పెద్దబాపు కోపంల చెయ్యి లేపిండు. రెప్పపాటుల అయిపాయె. ఎవలేం జేస్తరు?"

నేను విస్తరి ముందు నుంచి లేచి వచ్చేశాను. ముద్ద గొంతుకు అడ్డం పడిందేమోనని ఎవరో నీళ్ళ గ్లాసు పట్టుకొని నా వెంట పరుగెత్తుకొచ్చారు. ఏమీ అడ్డం పడలేదు. ఒళ్ళు మండింది, అంతే. ఈ వయసులో కోపం మంచిది కాదని దవాఖానలో చెప్పారు. చెప్పనీ. రెప్పపాటట! ఎవరికి రెప్పపాటు? ఆ రోజు అక్కడ ఉన్నవాళ్ళలో ఇక మిగిలింది మేమిద్దరమే. నేను నోరు మూసుకుంటే ఆయన చెప్పిందే నిజమై కూర్చుంటుంది. అందుకే రాస్తున్నాను.

ఈ కాలం పిల్లలకు జాగు మబ్బు అంటే తెలియదు. మా మనవలకు చెప్తే అవ్వ కథలు చెప్తోందని నవ్వుతారు. మాది పాలమూరు జిల్లా. జడ్చర్ల బస్సు దిగి కొంత దూరం నడిస్తే గానీ రాని ఊరు. యాసంగి పంట కాలంలో, చలి తగ్గి ఎండ ఇంకా ముదరకముందు, ఊరికి పడమట ఉన్న బోడిగుట్ట మీది నుంచి పచ్చటి మబ్బు ఒకటి దిగేది. పసుపు కలిపిన నీళ్ళ రంగు. వాన లేదు, ఉరుము లేదు, గాలి కూడా లేదు. పెద్దదీ కాదు. ఒక కల్లం మీదో, ఒక బావి మీదో, బాటలో ఒక ముక్క మీదో వచ్చి కూర్చునేది. దాని కిందికి పోయినవాళ్ళకు కాలం జాగయ్యేది. లోపల ఒక చుట్ట కాలేసరికి బయట సగం పూట గడిచిపోయేది. లోపలి మనిషికి ఏ తేడా తెలియదు. బయటికొచ్చి పొద్దు ఎక్కడుందో చూసుకున్నాకే ఎంత పోయిందో తెలిసేది. మబ్బు పలచగా ఉన్న రోజు కొంచెం నష్టం, చిక్కగా ఉన్న రోజు పూటకు పూటే పోయేది. గాలి తిరిగితే విడిపోయేది.

మేం దానికి అలవాటు పడ్డాం. బస్సు డ్రైవరు బాట మీద పచ్చగా కనబడితే చాలు, బండి ఆపేసి వేపచెట్టు కింద పడుకునేవాడు. ఒకసారి పక్క ఊరి పెళ్ళివారు మా మాట వినకుండా దాని కింద నుంచి బాజా వాయించుకుంటూ పోయారు. వాళ్ళకు ఒక్క పాట అయింది. ఇవతల లగ్నం దాటిపోయి, ఆడపెళ్ళివారు వండిన అన్నం వాళ్ళే తినేశారు. మా వాడలో ఒకాయన అత్త వచ్చిందంటే చాలు, మబ్బు కిందికి పోయి చుట్ట ముట్టించేవాడు. అది అయిపోయేసరికి ఆమె తిట్టి తిట్టి అలిసిపోయి వెళ్ళిపోయి ఉండేది. అట్లా దాన్ని వాడుకున్నవాళ్ళూ ఉన్నారు, దాని చేతిలో దెబ్బతిన్నవాళ్ళూ ఉన్నారు. నాకు ఆ మబ్బు మీద కోపం లేదు. మబ్బుకు ఏం తెలుసు? నా కోపమంతా తెలిసినవాళ్ళ మీద.

మా తాత తవ్విన బావి ఒకటి బోడిగుట్ట కింద ఉండేది. ఆయన పోయాక ఇద్దరు కొడుకులు పంచుకున్నారు, మా పెద్దబాపు, మా బాపు. పొలాలు విడిపోయాయి గానీ బావిని రెండు ముక్కలు చెయ్యలేరు కదా. వంతులు పెట్టుకున్నారు. పొద్దు పొడిచిన దగ్గర నుంచి మధ్యాహ్నం దాకా మాది, అక్కడి నుంచి పొద్దు గూకే దాకా పెద్దబాపుది. ఎడ్లతో నీళ్ళు తోడే మోటకు గిలకను మోసే రాతికంబాలు రెండు బావి ఒడ్డున నిలబెట్టి ఉండేవి. కంబం నీడ ముడుచుకొని దాని కాళ్ళ కిందికి వస్తే వంతు మారినట్టు. మా పొలం పల్లంలో, కాలువ చివర. బావి మీద మబ్బు కూర్చున్నా మా మడి మీద మాత్రం ఎండ ఉండేది. అదే మా ఖర్మ. బావి దగ్గర కాలం ఆగేది, మడిలో వరి ఎండుతూనే ఉండేది.

మా అవ్వ, అంటే బాపు తల్లి, ఆమె కూడా వంతుల మనిషే. ఒక నెల మా ఇంట్లో తినేది, ఒక నెల పెద్దబాపు ఇంట్లో. అమావాస్య నాడు చంకలో మూట పెట్టుకొని, నోటికొచ్చినట్టు ఇద్దరు కొడుకులనూ తిడుతూ ఇల్లు మారేది.

హైదరాబాదు రాష్ట్రం పోయి ఆంధ్రప్రదేశ్ వచ్చిన కొత్తలో రెండేళ్ళు వరసగా వానలు మొహం చాటేశాయి. కృష్ణ మీద పెద్ద డ్యాం కడుతున్నారని, మట్టి పనికి మనుషులు కావాలని గుంపు మేస్త్రీ వచ్చాడు. మా బాపు కూడా పోయాడు. ఎవరి పొలాలకో నీళ్ళు ఇవ్వడానికి మా ఊరి మగవాళ్ళంతా రాళ్ళు మొయ్యడానికి పోయారు. అందులో ఒక్క చుక్క మా గుట్టల మీదికి ఎక్కి రాదని వాళ్ళకూ తెలుసు. దాని గురించి మాట్లాడితే ఇంకో కోపం మొదలవుతుంది. అది పక్కన పెడతాను.

పోయే రోజు పెద్దబాపు పటేలు ముందర ఒక మాట అన్నాడు. "తమ్మీ, నువ్వు పోతానవు. మడి ఎవలు జేస్తరు? నీ పెండ్లాం జేస్తనంటే జెయ్యని. గని మడి ఎండవెట్టిందంటే మాత్రం నేను ఊకోను. గా పొలం నేనే దున్నుకుంట."

అవతల మేస్త్రీ తొందర పెడుతున్నాడు. బాపు సరేనని తలూపి బండెక్కాడు. ఆ తల ఊపుడులో మా పొలం వేలాడింది. పంట ఇంటికొస్తే పొలం మాది, ఎండితే పెద్దబాపుది. చేతికి చిక్కిన పొలాన్ని మళ్ళీ వదిలే మనిషి కాదని ఊరంతటికీ తెలుసు. అమ్మకు అందరికన్నా బాగా తెలుసు.

అమ్మే మోట పట్టింది. ఆడమనిషి మోట కొట్టడమేమిటని ఊరు నోరు నొక్కుకుంది. నొక్కుకున్నవాళ్ళలో ఒక్కరూ వచ్చి ఒక పూట మోట కొట్టి పెట్టలేదు. ఎడ్లను వెనక్కి నడిపించి బొక్కెన ముంచడం, మళ్ళీ ముందుకు తోలి ఏటవాలు దారిలో దించడం, దిగేటప్పుడు బరువు కోసం మోకు మీద ఎక్కి కూర్చోవడం, అన్నీ ఆమే చేసేది. నాకు అప్పుడు పదేళ్ళు ఉంటాయేమో. మడి దగ్గర నిలబడి గట్ల మధ్య ఒక చెక్క తడవగానే గండి కట్టి ఇంకో చెక్కకు నీళ్ళు మలపడం నా పని. మబ్బు వస్తే మాత్రం బావి దగ్గరికి రావొద్దని అమ్మ గట్టిగా చెప్పింది. ఇద్దరమూ దాని కింద చిక్కుకుంటే నీళ్ళు చూసేవాళ్ళు ఉండరని ఆమె భయం.

వరి పొట్టకొచ్చింది. అప్పుడు దిగింది మబ్బు.

మొదటిసారి నాకు ఏమైందో అర్థం కాలేదు. కాలువలో గలగలా వస్తున్న నీళ్ళు సన్నబడ్డాయి. తలెత్తి చూస్తే బావి చుట్టూ పచ్చటి పొర. అందులో అమ్మ మోకు మీద కూర్చొని ఉంది. ఎడ్లు ఒక కాలు ఎత్తి ఉన్నాయి. ఆ కాలు కింద పెట్టవు. పాత ఇంటి గోడ మీద జాజుతో గీసిన బొమ్మలాగా ఉంది అమ్మ. "అమ్మా" అని అరిచాను. వినబడదని తెలిసి కూడా అరిచాను. నా నీడ చిన్నదవుతూ వచ్చింది. నాకు దాహమేసింది, ఆకలేసింది, గట్టు మీద కూర్చున్నాను, లేచాను. అన్ని పనులూ చేసినా అమ్మ ఆ దారి సగం కూడా దిగలేదు. మబ్బు విడిపోయేసరికి పెద్దబాపు తన ఎడ్లను తీసుకొని సిద్ధంగా నిలబడి ఉన్నాడు. అమ్మ ఎండను చూసి, నన్ను చూసి, ఎడ్లను విప్పింది. మబ్బు ఎవరి వంతు మీద పడితే అది వాళ్ళ నసీబు. తాత నాటి నుంచి వస్తున్న పద్ధతి అది. అమ్మ పద్ధతి తప్పే మనిషి కాదు.

ఆ తర్వాత కూడా మా పొద్దుటి వంతుల మీద మబ్బు పడింది. అమ్మ ఓర్చుకుంది. అప్పుడొకసారి మధ్యాహ్నం పూట పడింది, పెద్దబాపు వంతు మీద. మర్నాడు పొద్దున మేం పోయేసరికి ఆయన ఎడ్లు మోట దారిలో ఉన్నాయి.

"బావా, ఇది మా వంతు గద," అంది అమ్మ.

"నిన్న నాది మబ్బు తినె. గది తీర్చుకోని పోత."

"మొన్న నాది తిన్నప్పుడు నేనేమన్న అడిగిన్నా?"

"నువ్వు అడగలే. నేను అడుగుతున్న."

ఇదీ ఆయన న్యాయం. అమ్మ పటేలు దగ్గరికి పోయింది. పటేలు అరుగు మీద కూర్చొని తల గోక్కొని చెప్పాడు. "ఆయనది పెద్ద సేద్యం పిల్లా. గంత పంట ఎండితె ఊరికే నష్టం. జర ఓపిక వట్టు." మరి ఇదివరకు నా వంతులు పోయినవో అని అమ్మ అడిగితే, "గప్పుడు నువ్వు ఒప్పుకున్నవ్ గద, ఇగ గది అయిపాయె" అన్నాడు. పద్ధతిని పాటించినందుకు పడిన శిక్ష అది. నాకు ఇప్పటికీ ఆ అరుగు యాదికొస్తే పళ్ళు బిగుసుకుంటాయి.

అసలు రోజు ఆ తర్వాత కొద్దిరోజులకే వచ్చింది. వరి పాలు పోసుకుంటోంది. ఆ సమయంలో నీళ్ళు తప్పితే గింజ తాలు పోతుంది. మా వంతు ఇంకా కొంచెం ఉందనగా గుట్ట మీది నుంచి మబ్బు జారింది. అంత చిక్కటి మబ్బును నేను అంతకు ముందు చూడలేదు. చాలా చిన్నది. సరిగ్గా మోట మీద, ఎడ్లు దిగే దారి మీద, అంతే. దాని అంచున నిలబడి చేయి చాపితే లోపలి మనిషి అందేటంత చిన్నది. అమ్మ అందులో చిక్కుకుంది. కాలువ ఎండిపోయింది. మబ్బు కింద కంబానికి నీడ లేదు గానీ నా కాళ్ళ కింద నా నీడ ముడుచుకొని వచ్చింది. పెద్దబాపు ఎడ్లను తోలుకొని వచ్చాడు.

ఆగవలసింది. ఎవరైనా ఆగుతారు. లోపలికి పోతే తన వంతు కూడా పోతుందని ఆయనకు తెలియదా? పుట్టిన దగ్గర నుంచి ఆ మబ్బును చూసిన మనిషి. అయినా ఆడది మోట వదలకుండా తన వంతులో నిలబడి ఉండటం ఆయన కంటికి కారం కొట్టినట్టుంది. తన ఎడ్లను బయట కట్టేసి, "ఏయ్, ఇప్పు ఎడ్లను!" అని అరుచుకుంటూ లోపలికి పోయాడు. అరుపు సగంలో సాగిపోయి, మూలుగులాగా మారి, వినబడకుండా పోయింది.

నేను మడి వదిలి మబ్బు అంచు దాకా పరుగెత్తాను. పెద్దబాపు లోతైన బురదలో నడుస్తున్నట్టు అడుగు తీసి అడుగు వేస్తున్నాడు. కాడి దగ్గరికి పోయాడు. అమ్మ అడ్డం నిలబడింది. ఆయన చెయ్యి అమ్మ చేతిలోని ములుగర్ర మీద పడింది. ఎడ్లను అదిలించే కర్ర అది, కొసన ఇనుప ములుకు ఉంటుంది. ఆయన లాగుతున్నాడు, అమ్మ వదలడం లేదు. ఇదంతా జరగడానికి చాలా సేపు పట్టింది. నాకు ఏడుపొచ్చింది. ఊళ్ళోకి పరుగెత్తాను.

అందరినీ పిలిచాను. పటేలును పిలిచాను. వచ్చారు, రాలేదని అనను. బిలబిలమంటూ వచ్చారు. మేం వచ్చేసరికి ఇద్దరి చేతులూ ఇంకా కర్ర మీదే ఉన్నాయి. వాళ్ళిద్దరూ ఆ అంచుకు రెండు అడుగుల దూరంలో ఉన్నారు. ఒక్క మగమనిషి లోపలికి పోయి పెద్దబాపు భుజం మీద చెయ్యి వేస్తే అయిపోయేది.

"పోండ్రి, జర ఎవలన్న పోండ్రి," అని నేను అందరి పంచెలూ పట్టుకొని లాగాను.

"నేను జడ్చర్లకు పోవాలె బిడ్డా. లోపటికి పోతే బస్సు పోతది," అన్నాడు పటేలు.

ఇంకొకాయన కల్లంలో జొన్న ఎండబోసి వచ్చానన్నాడు. ఇంకొకామె బాలింత కూతుర్ని ఒక్కదాన్ని వదిలి వచ్చానంది. మరొకాయన, మొన్న పెళ్ళిలో నా పక్కన కూర్చున్నాడే, ఆయన అప్పుడు ఎద్దులాంటి పడుచువాడు. "గింత చిక్కగ ఉన్నది. ఇప్పుడు వోతె మళ్ళ పొద్దు గూకినంకనే వచ్చుడు. నా బర్రెను ఎవలు పిండుతరు?" అన్నాడు. అందరూ నవ్వారు. నిజంగా నవ్వారు. నేను చెవులారా విన్నాను.

కర్ర అమ్మ చేతిలోంచి జారింది. పైకి లేచింది. లేస్తూ ఉంది. ఒక దెబ్బ లేవడాన్ని, అట్లా మెల్లగా లేవడాన్ని, మీరెవరూ చూసి ఉండరు. కర్ర పెద్దబాపు మోకాలు దాటింది, నడుము దాటింది, భుజం దాటింది. అమ్మ ముఖం అప్పుడే తిరుగుతోంది. బయట తిట్లు మొదలుపెట్టి మానుకున్నవాళ్ళూ, అయ్యో అన్నవాళ్ళూ, తాంబూలం వేసుకున్నవాళ్ళూ ఉన్నారు. "కొట్టడు తియ్, బెదిరిస్తాండు" అని ఒకరు. "భుజం మీద పడేటట్టున్నది, తలకాయకైతె పడదు" అని ఇంకొకరు. దెబ్బ ఎక్కడ పడుతుందో చర్చ చేసుకున్నారు! చర్చ చేసుకునేంత సమయం ఉంది వాళ్ళకు. నేను లోపలికి ఉరకబోతే ఎవరో రెక్క పట్టుకొని ఆపారు, చిన్నపిల్లవు నువ్వు పోవద్దని. ఆ పట్టుకున్న చెయ్యి ఎంత గట్టిది! ఆ గట్టితనం లోపలికి పోయి ఉంటే ఎంత బాగుండేది.

ఆ చేతిని కొరికాను. అది వదిలింది. లోపలికి దూకాను.

లోపల ఏమీ వింతగా లేదు. అంతా మామూలే. గిలక కిర్రుమంటోంది, ఎడ్లు రొప్పుతున్నాయి, పెద్దబాపు తిడుతున్నాడు, మాటలన్నీ గబగబా వస్తున్నాయి. నేను రెండడుగులు వేసేసరికి కర్ర అమ్మ భుజం మీద పడింది. ఆ చప్పుడు విన్నాను. అమ్మ కింద కూలబడింది. ఆయన మళ్ళీ ఎత్తాడు. నేను ఎగిరి కర్రకు వేలాడాను. ములుకు నా అరచేతిలో దిగింది. పెద్దబాపు నన్ను చూసి ఆగిపోయాడు. రెండో దెబ్బ పడలేదు. పదేళ్ళ పిల్ల వేలాడితే ఆగిన దెబ్బ అది. అంత పెద్ద ఊరికి ఆపడం చేతకాలేదట.

అమ్మ భుజం పట్టుకొని నా వైపు చూసి అంది, "నువ్వెందుకొచ్చినవే? నీళ్ళు ఎవలు మలుపుతున్నరు?"

ఆమెకు తెలియదు. కాలువ ఎప్పుడో ఎండిందనీ, మధ్యాహ్నం దాటిపోయిందనీ ఆమెకు తెలియదు. నేను చెప్పబోయేలోపే గాలి తిరిగింది, మబ్బు విడిపోయింది. పొద్దు గుట్ట వెనక్కి దిగుతోంది. అంచున ఒక్క మనిషి లేడు. అంతమందీ వెళ్ళిపోయారు. తొక్కి తొక్కి గడ్డి నలిగి ఉంది, తాంబూలం ఉమ్మిన మరకలున్నాయి. అవ్వ ఒక్కతే రాయి మీద కూర్చొని ఉంది. కర్ర పట్టుకొని మెల్లగా నడిచి వచ్చేసరికి ఆమెకు ఇంతసేపు పట్టింది.

"ఏరీ అందరు?" అని అడిగాను.

"ఇప్పుడే వోయిన్రు. బర్రెలు పిండే యాళ్లాయెనట," అంది అవ్వ.

పెద్దబాపు పడమటి వైపు చూసి నెత్తి కొట్టుకున్నాడు. "నా వంతు! నా వంతంత వాయె!" ఆయన నోట వచ్చిన మొదటి మాట అది. అమ్మ భుజం నుంచి నెత్తురు కారుతోంది.

మర్నాడు పొద్దున్నే పటేలు అరుగు మీద పంచాయితీ. నిన్న అంచున నిలబడ్డవాళ్ళే ఇవాళ న్యాయం చెప్పేవాళ్ళు. పెద్దబాపు వంతును మబ్బు తిన్నది కాబట్టి రేపు పొద్దుటి వంతు ఆయనకే ఇవ్వాలని తేల్చారు. మరి కొట్టిన దానికి? పటేలు గొంతు సవరించుకున్నాడు. "కోపంల చెయ్యి లేషింది. మనిషన్నంక కోపమొస్తది. రెప్పపాటుల అయిపాయె. ఇగ గది పెద్దది జెయ్యొద్దు."

ఆ మాట పుట్టింది అక్కడే. ఆ అరుగు మీద పుట్టి మొన్నటి పెళ్ళి బంతి దాకా బతికింది. అందరూ తలలూపారు. "మీరంత పగటీలి సంది సూసిన్రు! పొద్దంత సూసిన్రు!" అని నేను అరిచాను. ఆ పిల్లను అవతలికి తీసుకుపొమ్మన్నాడు పటేలు. నా అరచేతికి కట్టిన గుడ్డ వంక ఎవరూ చూడలేదు. అమ్మ నా చెయ్యి పట్టుకొని లేచింది. రేపు పొద్దుటి నీళ్ళు పోతే మా వరి పోయినట్టే. వరి పోతే పొలం పోయినట్టే. ఆమె మనసులో ఆ లెక్క ఒక్కటే ఉంది.

ఆ నెల అవ్వ వంతు పెద్దబాపు ఇంట్లో. మర్నాడు పొద్దున ఆయన ఎడ్లను తోలుకొని బావి దగ్గరికి పోయేసరికి మోట దారి నడుమ అవ్వ కూర్చొని ఉంది. కాళ్ళు బార్లా చాపుకొని, పక్కన చెంబు పెట్టుకొని, తమలపాకు నమలుతూ. మా దిక్కు మోట దారిలో పెద్దమనిషి కూర్చుంటే ఎడ్లను తోలరు. ఒడ్డున చెప్పులు కూడా విడిచి మొక్కి తోలే దారి అది.

"అవ్వా, లెవ్వు. యాళ్ల వోతాంది," అన్నాడు పెద్దబాపు.

"పోనీ. మొన్న ఊరంత ఊకె నిలవడ్డది గద. ఇయ్యాల నేను ఊకె కూసున్న. నాదేం వోయింది?"

"పంచాయితి జెప్పింది అవ్వా. ఇది నా వంతు."

"నీ వంతే బిడ్డా. నేను కాదన్ననా? తోలు. నా మీదికెళ్ళి తోలు."

ఆయన బతిమాలాడు, తిట్టాడు, పటేలును పిలుచుకొచ్చాడు. పటేలు దూరం నుంచే చూసి వెనక్కి తిరిగాడు. ఇది కూడా ఆయన చూసి వదిలేయాల్సిన పనే కదా! పెద్దబాపు అలిసిపోయి తుమ్మచెట్టు కింద కూర్చున్నాక అమ్మ మా ఎడ్లను తీసుకొని వచ్చింది. ఒక చెయ్యి కట్టుతో వేలాడుతోంది, ఒంటిచేత్తో పలుపు పట్టుకుంది. అవ్వ మోకాళ్ళ మీద చేతులు పెట్టి లేచి, పక్కకు జరిగి, దారి ఇచ్చింది. అమ్మ ఎడ్లను ఆపినప్పుడు పెద్దబాపు లేచే సూచన కనబడితే చాలు, అవ్వ మళ్ళీ వచ్చి నడుమ కూర్చునేది. మేం మడి అంతా తడిపాం. ఆ పొద్దు మబ్బు రాలేదు. గుట్ట మీద ఎండ తెల్లగా కాసింది.

చివరి చెక్క మాత్రం అప్పటికే ఎండింది, తాలు పోయింది. మిగతాది పండింది. ఆ ఏడు మా గుమ్మి నిండలేదు గానీ పంట ఇంటికొచ్చింది. పొలం మాకే మిగిలింది. పంట కోసిన రోజు అవ్వ తన మూట తెచ్చుకొని మా ఇంట్లో దిగింది. ఆ తర్వాత అమావాస్యలు ఎన్ని వచ్చినా మళ్ళీ ఇల్లు మారలేదు. పెద్దబాపు ఎన్నోసార్లు పిలవడానికి వచ్చి గడపలో నిలబడ్డాడు. "నా వంతు మబ్బు తిన్నది బిడ్డా," అని మాత్రం అనేది.

బాపు డ్యాం పని నుంచి వచ్చాక సంగతి విని కర్ర తీసుకొని లేచాడు. అమ్మే ఆపింది. తర్వాత కొన్నేళ్ళకు బావుల మీద ఇంజన్లు వచ్చాయి, ఆ తర్వాత కరెంటు మోటర్లు వచ్చాయి. బోడిగుట్టను కంకర కోసం తవ్వుకుపోయారు. మబ్బు రావడం మానేసింది. రాతికంబాలు మాత్రం ఇప్పటికీ ఉన్నాయి. వాటి నీడ ఇప్పుడు ఎవరికీ అక్కర లేదు.

అమ్మకు ముసలితనంలో చలికాలం వస్తే ఆ భుజం సలిపేది. నేను ఆముదం కాచి రాసేదాన్ని. రాసినప్పుడల్లా నాకు కోపం పొంగేది. ఊరిని ఒక్కొక్కరినీ పేరు పెట్టి తిట్టేదాన్ని. ఆమె కళ్ళు మూసుకొని వినేది. ఒకరోజు నా చెయ్యి పట్టుకొని, అరచేతిలో ములుకు దిగిన మచ్చను బొటనవేలుతో రుద్దుతూ అంది.

"నాకు నిజంగనే రెప్పపాటు బిడ్డా. కర్ర లేషిందనేది గూడ నేను సక్కగ సూడలే. దెబ్బ వడ్డది, అయిపాయె. అంతసేపు సూసింది నువ్వు. నాకన్న నీకే ఎక్కువ తాకింది గది."

అందుకే నా కోపం తగ్గదు. అది ఆమె కోపం కాదు, ఆమెకు కోపం తెచ్చుకునేంత సమయమే ఇవ్వలేదు వాళ్ళు. ఆ పూటంతా గడిపింది నేను. ఆ పూటంతా గడిపింది ఆ పెద్దాయన కూడా. మేమిద్దరం ఒకే ఎండలో, ఒకే అంచున నిలబడ్డాం. నేను చూసింది ఆయనా చూశాడు.

పెళ్ళిలో చేతులు కడుక్కొని కొంచెం సేపు బయట నిలబడ్డాను. మళ్ళీ లోపలికి పోయాను. బంతి ఇంకా లేవలేదు. ఆయన పెరుగన్నం దాకా వచ్చాడు. ఆయన ఎదురుగా వంగి అడిగాను.

"పెద్దయ్యా, ఆ రోజు పొద్దు గూకే యాళ్లకు నీ బర్రె ఎన్ని పాలిచ్చింది?"

ఆయనకు అర్థమైంది. అర్థం కాకపోతే ఏ బర్రె అని అడిగేవాడు. అడగలేదు. ముద్ద పట్టుకున్న చెయ్యి విస్తరికీ నోటికీ నడుమ ఆగిపోయింది. చాలాసేపు ఆగింది. పైకి చూశాను. పందిరి సందుల్లోంచి మామూలు ఎండ పడుతోంది, మబ్బేమీ లేదు.